169.254.169.254 దగ్గర ఏముంది? క్లౌడ్ మెటాడేటా సర్వీస్‌ను వాడడం, కట్టడి చేయడం

క్లౌడ్‌లో ఒకే ఇమేజ్ (సిద్ధంగా ఉంచిన డిస్క్ నకలు) నుంచి వంద వర్చువల్ మెషీన్లు లేపితే, లేచిన క్షణానికి వందా అచ్చుగుద్దినట్టు ఒకేలా ఉంటాయి. తన ఐడీ ఏమిటి, ఏ రీజియన్‌లో ఉంది, ఎవరి ఎస్‌ఎస్‌హెచ్ కీని లోపలికి రానివ్వాలి, స్టోరేజ్ బకెట్ చదవాలంటే ఏ క్రెడెన్షియల్స్ (లోపలికి రానిచ్చే కీలు) వాడాలి? ఇవేవీ డిస్క్ మీద రాసి ఉండవు. మెషీన్ వీటిని అడిగి తెలుసుకుంటుంది. అడిగే చోటు పేరు ఇన్‌స్టాన్స్ మెటాడేటా సర్వీస్.

దీనికి యూజర్ నేమ్ లేదు, పాస్‌వర్డ్ లేదు. ఎవరు అడిగారని చూడదు, ఎక్కడి నుంచి అడిగారనే చూస్తుంది. మెషీన్ లోపలి నుంచి వచ్చిన రిక్వెస్ట్ అయితే చాలు, జవాబు ఇచ్చేస్తుంది. దీని సౌకర్యమంతా, దీనితో వచ్చే ప్రమాదమంతా ఈ ఒక్క లక్షణం లోంచే పుడతాయి. కింది మెట్లన్నీ చదివేటప్పుడు ఇది మనసులో ఉంచుకోండి.

1. ముందు ఆ అడ్రస్ సంగతి

ఏడబ్ల్యూఎస్, గూగుల్ క్లౌడ్, అజ్యూర్, ఒరాకిల్ క్లౌడ్, డిజిటల్ ఓషన్, ఓపెన్‌స్టాక్ అన్నిట్లోనూ ఈ సర్వీస్ ఉండేది 169.254.169.254 దగ్గరే. అలీబాబా క్లౌడ్‌లో మాత్రం 100.100.100.200. గూగుల్‌లో మెటాడేటా.గూగుల్.ఇంటర్నల్ అనే పేరుతో కూడా పిలవచ్చు. ఏడబ్ల్యూఎస్ నైట్రో మెషీన్లలో ఐపీవీ6 అడ్రస్ కూడా ఉంది, కానీ దాన్ని విడిగా ఆన్ చేసుకోవాలి.

169.254తో మొదలయ్యేవి లింక్-లోకల్ అడ్రస్‌లు. రౌటర్లు వీటిని ముందుకు పంపవు. అందుకే ఇంటర్నెట్ నుంచి ఎవరూ మీ మెషీన్ మెటాడేటాను నేరుగా అడగలేరు. మెషీన్ పంపిన ప్యాకెట్‌ను అది నడుస్తున్న హోస్ట్ దగ్గరో, వర్చువల్ నెట్‌వర్క్ పొరలోనో పట్టుకుని జవాబు చెబుతారు.

అడిగింది ఫలానా మెషీనే అని సర్వీస్‌కు ఎలా తెలుస్తుంది? పెద్ద క్లౌడ్‌ల లోపలి కోడ్ మనకు కనబడదు కానీ ఓపెన్‌స్టాక్ కోడ్ బయటే ఉంది కాబట్టి అందులో చూడొచ్చు. రిక్వెస్ట్ రాగానే న్యూట్రాన్ (ఓపెన్‌స్టాక్‌లో నెట్‌వర్క్ చూసుకునే భాగం) మెటాడేటా ఏజెంట్ అది ఏ నెట్‌వర్క్ నుంచి, ఏ ఐపీ నుంచి వచ్చిందో చూసి, ఆ పోర్ట్ ఏ ఇన్‌స్టాన్స్‌దో వెతుకుతుంది. దొరికిన ఐడీని ఒక హెడర్‌లో పెట్టి, తనకూ మెషీన్లను నడిపే నోవా సర్వీస్‌కూ మాత్రమే తెలిసిన రహస్య కీతో సంతకం చేసి నోవాకు అందిస్తుంది. మెషీన్ తన ఐడీ చెప్పుకునే పనే లేదు. చెప్పినా ఎవరూ పట్టించుకోరు.

2. ఏడబ్ల్యూఎస్‌లో మొదటి రిక్వెస్ట్

ఇక్కడి నుంచి కమాండ్లు, పాత్‌లు, హెడర్లు తెలుగు అక్షరాల్లో రాస్తున్నాను. టెర్మినల్‌లో ఇంగ్లీషు అక్షరాల్లోనే కొట్టాలి.

ఏడబ్ల్యూఎస్‌లో ఈ సర్వీస్‌కు రెండు వెర్షన్లున్నాయి. మొదటి వెర్షన్‌లో మామూలు గెట్ రిక్వెస్ట్ (బ్రౌజర్ పేజీ తెరిచేటప్పుడు పంపేలాంటిది) చాలు. రెండోది 2019 నవంబరులో వచ్చింది. ఇందులో ముందు టోకెన్ తీసుకోవాలి, తర్వాతే ఏదైనా అడగాలి. కొత్తగా రాసే ఏ స్క్రిప్ట్ అయినా రెండో వెర్షన్‌తోనే రాయండి.

టోకెన్ కోసం పుట్ రిక్వెస్ట్, టెర్మినల్ నుంచి వెబ్ రిక్వెస్ట్‌లు పంపే కర్ల్‌తో (-ఎక్స్, -హెచ్ పెద్దక్షరాల్లో):

కర్ల్ -ఎక్స్ పుట్ హెచ్‌టీటీపీ://169.254.169.254/లేటెస్ట్/ఏపీఐ/టోకెన్ -హెచ్ "ఎక్స్-ఏడబ్ల్యూఎస్-ఈసీ2-మెటాడేటా-టోకెన్-టీటీఎల్-సెకండ్స్: 21600"

హెడర్ చివరి అంకె టోకెన్ ఎన్ని సెకన్లు పనిచేయాలో చెబుతుంది. 1 నుంచి 21600 దాకా, అంటే గరిష్ఠంగా 6 గంటలు. జవాబుగా ఒక పొడవాటి అక్షరాల వరుస వస్తుంది. దాన్ని షెల్ వేరియబుల్‌లో పెట్టుకుని, తర్వాతి ప్రతి రిక్వెస్ట్‌కూ ఎక్స్-ఏడబ్ల్యూఎస్-ఈసీ2-మెటాడేటా-టోకెన్ అనే హెడర్‌లో జత చేయండి. ప్రతిసారీ కొత్త టోకెన్ అడగక్కర్లేదు. ఈ టోకెన్ పుట్టిన ఇన్‌స్టాన్స్‌లోనే చెల్లుతుంది, వేరే మెషీన్ నుంచి వాడితే చెల్లదు.

టోకెన్ చేతికొచ్చాక /లేటెస్ట్/మెటా-డేటా/ అడగండి. ఫోల్డర్‌లో ఫైళ్ల జాబితాలా పేర్లు వరుసగా వస్తాయి. చివర్లో స్లాష్ ఉన్నవాటి లోపల ఇంకా ఉన్నాయని అర్థం. రోజూ పనికొచ్చేవి కొన్నే: ఇన్‌స్టాన్స్-ఐడీ, లోకల్-ఐపీవీ4, ప్లేస్‌మెంట్/రీజియన్, ప్లేస్‌మెంట్/అవైలబిలిటీ-జోన్, ఏఎంఐ-ఐడీ. ట్యాగ్‌లు కూడా ఇక్కడే చదవచ్చు కానీ ఇన్‌స్టాన్స్ సెట్టింగ్‌లో ఆ వీలును ముందు ఆన్ చేయాలి. చేయకపోతే 404 వస్తుంది.

మెటా-డేటా పక్కనే ఇంకో రెండు దారులున్నాయి. /లేటెస్ట్/డైనమిక్/ఇన్‌స్టాన్స్-ఐడెంటిటీ/డాక్యుమెంట్ అడిగితే అకౌంట్ నంబర్, రీజియన్, ఇన్‌స్టాన్స్ ఐడీ ఉన్న జేసన్ (పేరు-విలువ జతల టెక్స్ట్) వస్తుంది. దీనికి ఏడబ్ల్యూఎస్ సంతకం కూడా విడిగా దొరుకుతుంది కాబట్టి, "నేను ఫలానా మెషీన్‌ను" అని మీ సొంత సర్వర్‌కు నిరూపించుకోవడానికి పనికొస్తుంది. రెండోది /లేటెస్ట్/యూజర్-డేటా. మెషీన్ లేపేటప్పుడు మీరిచ్చిన స్క్రిప్ట్, 16 కేబీ వరకు, యథాతథంగా ఇక్కడ ఉంటుంది. డేటాబేస్ పాస్‌వర్డ్‌ను ఈ స్క్రిప్ట్‌లో పెట్టే అలవాటు చాలా టీముల్లో ఉంది. మెషీన్ లోపల ఏ యూజర్ అయినా, ఏ ప్రాసెస్ అయినా దాన్ని చదవగలదు. యూజర్-డేటాలో రహస్యాలు వద్దు. వాటిని సీక్రెట్ మేనేజర్‌లో పెట్టి, స్క్రిప్ట్‌లో పేరు మాత్రం రాయండి.

3. గూగుల్, అజ్యూర్, మిగతావి

గూగుల్ క్లౌడ్‌లో టోకెన్ అవసరం లేదు కానీ ప్రతి రిక్వెస్ట్‌లో మెటాడేటా-ఫ్లేవర్: గూగుల్ అనే హెడర్ ఉండాలి. లేకపోతే 403. పాత్ /కంప్యూట్‌మెటాడేటా/వీ1/ తో మొదలవుతుంది. ఇన్‌స్టాన్స్/ కింద మెషీన్ వివరాలు, ప్రాజెక్ట్/ కింద మొత్తం ప్రాజెక్టు వివరాలు ఉంటాయి. రికర్సివ్=ట్రూ అని చేర్చితే కింది శాఖలన్నీ ఒకేసారి జేసన్‌గా వస్తాయి. నాకు అన్నిటికంటే నచ్చేది వెయిట్_ఫర్_చేంజ్=ట్రూ. విలువ మారేదాకా సర్వర్ జవాబు ఆపి ఉంచుతుంది, మారగానే పంపుతుంది. సెకనుకోసారి అడుగుతూ కూర్చునే లూప్ రాయక్కర్లేదు.

అజ్యూర్‌లో హెడర్ మెటాడేటా: ట్రూ. పాత్ /మెటాడేటా/ఇన్‌స్టాన్స్. దానికి ఏపీఐ-వెర్షన్ తప్పనిసరి, ఉదాహరణకు ఏపీఐ-వెర్షన్=2021-02-01. రెండింటిలో ఏది మరిచినా 400 వస్తుంది.

ఒరాకిల్ క్లౌడ్‌లో /ఓపీసీ/వీ2/ పాత్‌తో, ఆథరైజేషన్: బేరర్ ఒరాకిల్ అనే హెడర్‌తో అడగాలి. డిజిటల్ ఓషన్‌లో /మెటాడేటా/వీ1/, ఓపెన్‌స్టాక్‌లో /ఓపెన్‌స్టాక్/లేటెస్ట్/మెటా_డేటా.జేసన్. వీటిలో ఇంతకు మించి చెప్పుకోవలసిన మలుపులు లేవు.

4. అసలు విలువైనది: తాత్కాలిక క్రెడెన్షియల్స్

ఇన్‌స్టాన్స్ ఐడీ బయటపడితే కొంపేం మునగదు. క్రెడెన్షియల్స్ సంగతి అలా కాదు.

ఏడబ్ల్యూఎస్‌లో మెషీన్‌కు ఐఏఎం రోల్ (ఏమేం చేయొచ్చో చెప్పే అనుమతుల మూట) తగిలిస్తే /లేటెస్ట్/మెటా-డేటా/ఐఏఎం/సెక్యూరిటీ-క్రెడెన్షియల్స్/ అడిగినప్పుడు రోల్ పేరు వస్తుంది. ఆ పేరును పాత్ చివర చేర్చి మళ్లీ అడిగితే యాక్సెస్ కీ, సీక్రెట్ కీ, సెషన్ టోకెన్, గడువు సమయం ఉన్న జేసన్ చేతికొస్తుంది. గడువు తీరడానికి కనీసం 5 నిమిషాల ముందే కొత్తవి అందుబాటులోకి వస్తాయి. గూగుల్‌లో ఇన్‌స్టాన్స్/సర్వీస్-అకౌంట్స్/డిఫాల్ట్/టోకెన్ దగ్గర, అజ్యూర్‌లో /మెటాడేటా/ఐడెంటిటీ/ఓఆథ్2/టోకెన్ దగ్గర ఇలాంటి యాక్సెస్ టోకెన్ దొరుకుతుంది. అజ్యూర్‌లో ఏ రిసోర్స్ కోసమో కూడా చెప్పాలి.

మీ అప్లికేషన్ కోడ్‌లో ఈ పాత్‌లను నేరుగా పిలవకండి. క్లౌడ్ కంపెనీ ఇచ్చే ఎస్‌డీకే (రెడీమేడ్ కోడ్ లైబ్రరీ) వాడితే అదే అడుగుతుంది, క్యాష్ చేసుకుంటుంది, గడువు దగ్గరపడితే మార్చుకుంటుంది. చేత్తో రాసిన కోడ్ టెస్టులో బాగానే నడిచి, మొదటి గడువు తీరగానే అర్ధరాత్రి ఆగిపోతుంది. ఆ టెన్షన్ ఎందుకు?

రోల్ ఎంత చిన్నదైతే అంత మంచిది. గూగుల్‌లో పాత ప్రాజెక్టులుంటే డిఫాల్ట్ సర్వీస్ అకౌంట్‌ను ఒకసారి చూడండి, దానికి ఎడిటర్ రోల్ తగిలించి ఉండడం మామూలే. అంటే ఏదో చిన్న వెబ్ సర్వర్‌లోని టోకెన్ దొరికితే దాదాపు ప్రాజెక్టు మొత్తం చేతిలోకి వచ్చినట్టే.

5. దొంగతనం ఎలా జరుగుతుంది

మీ వెబ్ అప్లికేషన్‌లో "బొమ్మ లింక్ ఇవ్వండి, ప్రివ్యూ చూపిస్తాం" అనే పెట్టె ఉందనుకోండి. వాడుకరి ఇచ్చిన లింక్‌ను మీ సర్వర్ తెరిచి, వచ్చిందాన్ని చూపిస్తుంది. ఒకడు బొమ్మ లింక్‌కు బదులు 169.254.169.254/లేటెస్ట్/మెటా-డేటా/ఐఏఎం/సెక్యూరిటీ-క్రెడెన్షియల్స్/ అని ఇచ్చాడు. అడిగింది బయటివాడే, కానీ రిక్వెస్ట్ బయల్దేరింది మీ మెషీన్ లోపలి నుంచి. మెటాడేటా సర్వీస్‌కు తేడా తెలియదు. మొదటి వెర్షన్ అయితే రోల్ పేరు ప్రివ్యూ పెట్టెలో ప్రత్యక్షమవుతుంది. రెండో లింక్‌తో కీలన్నీ వచ్చేస్తాయి. ఈ దాడి పేరు ఎస్‌ఎస్‌ఆర్‌ఎఫ్ (సర్వర్-సైడ్ రిక్వెస్ట్ ఫోర్జరీ).

ఇది కాగితం మీది ప్రమాదం కాదు. 2019లో అమెరికన్ బ్యాంకు క్యాపిటల్ వన్‌లో ఇలాగే సరిగ్గా అమర్చని ఫైర్‌వాల్ ద్వారా రోల్ క్రెడెన్షియల్స్ బయటికి పోయాయి. దాదాపు 10 కోట్ల మంది అమెరికన్ల, 60 లక్షల మంది కెనడియన్ల వివరాలు దొంగ చేతిలో పడ్డాయి. మరుసటి ఏడాది అక్కడి బ్యాంకింగ్ నియంత్రణ సంస్థ ఆ బ్యాంకుకు 8 కోట్ల డాలర్ల జరిమానా వేసింది.

రెండో వెర్షన్‌లోని ఒక్కో షరతూ ఈ దారిలో ఒక్కో అడ్డుగోడ. ఇలాంటి లోపాల్లో దాడి చేసేవాడికి ఎక్కువగా దొరికేది గెట్ రిక్వెస్ట్ మాత్రమే, కాబట్టి పుట్ అడిగితే చాలా దాడులు అక్కడే ఆగిపోతాయి. సొంత హెడర్ పెట్టే వీలు కూడా వాడికి మామూలుగా ఉండదు. తప్పుగా అమర్చిన ప్రాక్సీ ద్వారా వస్తే ఎక్స్-ఫార్వర్డెడ్-ఫర్ హెడర్ తగిలే ఉంటుంది, అది కనబడితే టోకెన్ ఇవ్వరు. గూగుల్, అజ్యూర్‌లలో కూడా తప్పనిసరి హెడర్, ఎక్స్-ఫార్వర్డెడ్-ఫర్ తిరస్కరణ రెండూ ఉన్నాయి. టోకెన్ మెట్టు మాత్రం లేదు.

అయితే ఇవన్నీ ఎస్‌ఎస్‌ఆర్‌ఎఫ్‌కే అడ్డు. మీ మెషీన్‌లో కమాండ్లు నడపగలిగే స్థాయికి ఎవడైనా చేరితే వాడు పుట్ కూడా పంపుతాడు, హెడర్ కూడా పెడతాడు. రెండో వెర్షన్ పెట్టాం కదా అని రోల్‌ను పెద్దదిగా ఉంచితే లాభం లేదు.

6. పాత వెర్షన్‌ను ఆపేయడం

ఉన్నపళంగా ఆపేస్తే పాత ఎస్‌డీకేతో నడిచే ఏదో ఒక ఏజెంట్ మూలనపడుతుంది. ముందు కొలవండి. ఏడబ్ల్యూఎస్ కొలతల సర్వీస్ క్లౌడ్‌వాచ్‌లో మెటాడేటానోటోకెన్ అనే మెట్రిక్ ఉంది. టోకెన్ లేకుండా ఎన్ని రిక్వెస్ట్‌లు వస్తున్నాయో చెబుతుంది. నెలాఖరు బ్యాచ్ పనుల్లాంటివి ఉంటే అవి కూడా ఒకసారి నడిచేదాకా దీన్ని గమనించండి. లెక్క సున్నా కాకపోతే ఆ మెషీన్‌లో ఏ ప్రోగ్రామ్ అడుగుతోందో పట్టుకుని దాని ఎస్‌డీకేను అప్‌డేట్ చేయండి.

సున్నా అయ్యాక ఏడబ్ల్యూఎస్ కమాండ్ లైన్‌లో ఈసీ2 మాడిఫై-ఇన్‌స్టాన్స్-మెటాడేటా-ఆప్షన్స్ వాడి హెచ్‌టీటీపీ-టోకెన్స్ విలువను రిక్వైర్డ్ చేయండి. రీస్టార్ట్ అక్కర్లేదు. ఆ తర్వాత టోకెన్ లేకుండా అడిగితే 401 వస్తుంది. తిరస్కరించిన రిక్వెస్ట్‌లను లెక్కపెట్టే మెట్రిక్ కూడా ఉంది, కొన్నాళ్లు దాని మీదా ఒక కన్నేయండి.

చాలామంది ఇక్కడితో ఆగిపోతారు, అవసరాన్ని బట్టి మెషీన్లను లేపే ఆటో స్కేలింగ్ మర్నాడు పాత సెట్టింగ్‌తో కొత్త మెషీన్‌ను లేపుతుంది. కొత్త మెషీన్ల సెట్టింగ్‌లు ఉండే లాంచ్ టెంప్లేట్‌ను కూడా మార్చండి. 2024 నుంచి అకౌంట్ స్థాయిలో డిఫాల్ట్ పెట్టుకునే వీలు వచ్చింది. అది రీజియన్‌కొకటి, కొత్తగా లేచే మెషీన్లకే వర్తిస్తుంది. ఇంకా గట్టిగా కావాలంటే ఐఏఎం పాలసీలో ఈసీ2:రోల్‌డెలివరీ అనే కండిషన్ ఉంది. దాని విలువ 2.0 కంటే తక్కువైతే నిరాకరించమని రాస్తే, పాత వెర్షన్ ద్వారా తీసుకున్న క్రెడెన్షియల్స్‌తో ఏ ఏపీఐ పనీ జరగదు.

7. కంటైనర్లు, హాప్ లిమిట్

అందరూ తల పట్టుకునేది ఇక్కడే. మెషీన్ మీద కర్ల్ చక్కగా పనిచేస్తుంది. అదే మెషీన్‌లోని డాకర్ కంటైనర్ (ప్రోగ్రామ్ విడిగా నడిచే పెట్టె) లోపలికెళ్లి అదే కమాండ్ కొడితే కర్సర్ అలాగే మెరుస్తూ ఉండిపోతుంది. ఎర్రర్ రాదు, జవాబూ రాదు.

ప్రతి ఐపీ ప్యాకెట్‌కూ టీటీఎల్ అనే అంకె ఉంటుంది. ఒక రౌటింగ్ మెట్టు దాటినప్పుడల్లా అది ఒకటి తగ్గుతుంది, సున్నా అయితే ప్యాకెట్‌ను పారేస్తారు. ఏడబ్ల్యూఎస్ టోకెన్ జవాబును మామూలుగా టీటీఎల్ 1తో పంపుతుంది. మెషీన్ దాకా రావడానికి అది సరిపోతుంది. అక్కడి నుంచి డాకర్ బ్రిడ్జ్ నెట్‌వర్క్ దాటి కంటైనర్‌లోకి వెళ్లాలంటే ఇంకో మెట్టు, అక్కడ ప్యాకెట్ పోతుంది. మీ పుట్ వెళ్లింది, టోకెన్ తయారైంది, తిరుగు ప్రయాణంలో పడిపోయింది. అందుకే ఎర్రర్ కోడ్ ఏదీ కనబడదు.

ఈ టీటీఎల్‌ను నిర్ణయించే హెచ్‌టీటీపీ-పుట్-రెస్పాన్స్-హాప్-లిమిట్ విలువను 2 చేస్తే సమస్య తీరుతుంది. 64 వరకు పెట్టవచ్చు కానీ 2 దాటాల్సిన అవసరం దాదాపు రాదు.

కానీ 2 చేసే ముందు ఒక్క ప్రశ్న వేసుకోండి: ఆ మెషీన్‌లోని ప్రతి కంటైనర్‌కూ మెషీన్ రోల్ అందడం మీకు సమ్మతమేనా? అది కంటైనర్లను నడిపించే కుబెర్నెటిస్‌లోని ఒక మెషీన్ (నోడ్) అయితే నా జవాబు కాదనే. పాడ్ (కలిసి నడిచే కంటైనర్ల గుంపు) స్థాయిలో గుర్తింపు ఇచ్చే పద్ధతి వాడండి. ఏడబ్ల్యూఎస్ కుబెర్నెటిస్ సర్వీస్ ఈకేఎస్‌లో సర్వీస్ అకౌంట్‌కు రోల్ కట్టడం లేదా పాడ్ ఐడెంటిటీ, గూగుల్‌ది జీకేఈలో వర్క్‌లోడ్ ఐడెంటిటీ ఫెడరేషన్, అజ్యూర్‌ది ఏకేఎస్‌లో వర్క్‌లోడ్ ఐడీ. ఏడబ్ల్యూఎస్ సొంత కంటైనర్ సర్వీస్ ఈసీఎస్ టాస్క్‌లకైతే 169.254.170.2 అనే వేరే అడ్రస్ దగ్గర టాస్క్ సొంత క్రెడెన్షియల్స్ దొరుకుతాయి. ఇవి పెట్టుకుని నోడ్ హాప్ లిమిట్‌ను 1 దగ్గరే ఉంచండి. హోస్ట్ నెట్‌వర్క్ వాడే పాడ్‌లకు మాత్రం హాప్ లిమిట్ అడ్డు కాదు, అవి నోడ్ నెట్‌వర్క్‌లోనే ఉంటాయి కాబట్టి.

8. మెషీన్ లోపలే అడ్డుకట్ట

సెక్యూరిటీ గ్రూప్‌లో (మెషీన్ బయట క్లౌడ్ పెట్టే ఫైర్‌వాల్‌లో) 169.254.169.254ను మూసేద్దామని చాలామంది ప్రయత్నిస్తారు. పనిచేయదు. ఏడబ్ల్యూఎస్‌లో సెక్యూరిటీ గ్రూపులు మెటాడేటా ట్రాఫిక్‌ను వడకట్టవు. అడ్డు వేయాల్సింది మెషీన్ లోపలి ఫైర్‌వాల్‌లోనే.

లినక్స్‌లో ఐపీటేబుల్స్ ఓనర్ మాడ్యూల్ ఇందుకు సరిగ్గా సరిపోతుంది. అవుట్‌పుట్ చైన్‌లో, గమ్యం 169.254.169.254 అయి, పంపిన యూజర్ రూట్ కాకపోతే రిజెక్ట్ చేయమని ఒక రూల్ రాయండి. వెబ్ సర్వర్ తన సొంత యూజర్‌తో నడుస్తుంటే, అందులో లోపం ఉన్నా మెటాడేటా దాకా చేరలేదు. క్రెడెన్షియల్స్ నిజంగా కావాల్సిన ప్రోగ్రామ్ ఉంటే దాని యూజర్‌ను మినహాయించండి. డ్రాప్ కంటే రిజెక్ట్ మేలు, కారణం వెంటనే తెలుస్తుంది. అజ్యూర్‌లో 168.63.129.16 అనే ఇంకో అడ్రస్ కనబడుతుంది. అది ప్లాట్‌ఫామ్‌తో ఏజెంట్ మాట్లాడే దారి, డీఎన్‌ఎస్ కూడా దాని మీద ఆధారపడుతుంది. పొరపాటున దాన్ని మూయకండి.

9. మెషీన్ పోబోతోందని ముందే తెలుసుకోవడం

తక్కువ ధరకు దొరికే స్పాట్ మెషీన్లు వాడేవాళ్లకు ఇది తప్పనిసరి. ఏడబ్ల్యూఎస్‌లో మెటా-డేటా కింద స్పాట్/ఇన్‌స్టాన్స్-యాక్షన్ అడగండి. మామూలు రోజుల్లో 404 వస్తుంది, అంటే అంతా బాగుందని. మెషీన్‌ను వెనక్కి తీసుకునే 2 నిమిషాల ముందు అక్కడ జేసన్ ప్రత్యక్షమవుతుంది. 5 సెకన్లకోసారి అడిగితే చాలు. గూగుల్‌లో ఇన్‌స్టాన్స్/ప్రీఎంప్టెడ్ దగ్గర వెయిట్_ఫర్_చేంజ్ పెట్టి కూర్చోవచ్చు, కానీ దొరికే వ్యవధి 30 సెకన్లే అనుకుని కోడ్ రాయండి. అజ్యూర్‌లో /మెటాడేటా/షెడ్యూల్డ్‌ఈవెంట్స్ ఉంది. స్పాట్ మెషీన్‌కు కనీసం 30 సెకన్ల, రీబూట్‌కు 15 నిమిషాల ముందస్తు సమాచారం ఇస్తుంది. మొదటిసారి అడిగినప్పుడు జవాబుకు 2 నిమిషాల దాకా పట్టవచ్చు, కంగారుపడొద్దు.

10. పనిచేయకపోతే ఎక్కడ వెతకాలి

జవాబే రాకుండా వేలాడుతుంటే మొదటి అనుమానం ప్రాక్సీ మీద. హెచ్‌టీటీపీ_ప్రాక్సీ వేరియబుల్ సెట్ అయి ఉంటే కర్ల్ మీ రిక్వెస్ట్‌ను ప్రాక్సీ మెషీన్‌కు పంపుతుంది. అక్కడి 169.254.169.254 ఆ మెషీన్‌ది, మీది కాదు. మొదటి వెర్షన్ తెరిచి ఉంటే ఇంకా విచిత్రం జరుగుతుంది: ప్రాక్సీ మెషీన్ వివరాలు మీవన్నట్టు తిరిగొస్తాయి. నో_ప్రాక్సీ జాబితాలో 169.254.169.254 చేర్చండి. రెండో అనుమానం హాప్ లిమిట్, మూడోది వీపీఎన్ సాఫ్ట్‌వేర్ మార్చిన రౌటింగ్ టేబుల్.

కోడ్ వస్తే పని సులువు. ఏడబ్ల్యూఎస్‌లో 401 అంటే టోకెన్ లేదు లేదా గడువు తీరింది, 403 అంటే సర్వీస్‌నే ఆపేశారు, 404 అంటే పాత్ తప్పు లేదా ఆ విలువ ఈ మెషీన్‌కు లేదు. రోల్ తగిలించని మెషీన్‌లో ఐఏఎం పాత్ అడిగినా 404నే. అజ్యూర్‌లో 429 వస్తే మరీ ఎక్కువగా అడుగుతున్నారని అర్థం. ఏడబ్ల్యూఎస్‌లోనూ పరిమితి ఉంది. లింక్-లోకల్ సర్వీస్‌లన్నిటికీ కలిపి ఒక నెట్‌వర్క్ ఇంటర్‌ఫేస్‌కు సెకనుకు 1024 ప్యాకెట్లు. డీఎన్‌ఎస్ కూడా ఆ లెక్కలోకే వస్తుంది. కాబట్టి మెటాడేటాను లూప్‌లో బాదే స్క్రిప్ట్ వల్ల వేరెక్కడో పేర్లు రిజాల్వ్ కావడం ఆగిపోవచ్చు.

స్క్రిప్ట్‌లో కర్ల్‌కు కనెక్ట్-టైమౌట్ 2 సెకన్లు పెట్టండి, -ఎఫ్ (చిన్నక్షరం) ఆప్షన్ కూడా చేర్చండి. అది లేకపోతే 404 పేజీలోని హెచ్‌టీఎంఎల్ మొత్తం మీ హోస్ట్‌నేమ్ అయిపోతుంది.

11. అవసరం లేని చోట పూర్తిగా ఆపేయడం

రోల్ లేని, మెటాడేటా చదివే ప్రోగ్రామ్ ఒక్కటీ లేని మెషీన్‌లో ఏడబ్ల్యూఎస్ అయితే హెచ్‌టీటీపీ-ఎండ్‌పాయింట్‌ను డిజేబుల్డ్ చేసేయొచ్చు. తొందరపడి లాంచ్ టెంప్లేట్‌లోనే ఆపకండి. ఎస్‌ఎస్‌హెచ్ కీని, యూజర్-డేటా స్క్రిప్ట్‌ను మొదటి బూట్‌లో మెషీన్‌ను సిద్ధం చేసే క్లౌడ్-ఇనిట్ అనే ప్రోగ్రామ్ ఈ సర్వీస్ నుంచే తెచ్చుకుంటుంది. అది అందకపోతే మెషీన్ లేస్తుంది కానీ మీరు లాగిన్ కాలేరు. మొదటి బూట్ పూర్తయ్యాక ఆపండి, టెస్ట్ మెషీన్‌ను ఒకసారి రీబూట్ చేసి /వార్/లాగ్/క్లౌడ్-ఇనిట్.లాగ్ చదవండి. మెటాడేటా కోసం క్లౌడ్-ఇనిట్ ఎదురుచూస్తూ బూట్‌ను ఆలస్యం చేస్తుంటే ఆ లాగ్‌లోనే కనబడుతుంది. అప్పుడు ఆ మెషీన్లలో మొదటి బూట్ తర్వాత క్లౌడ్-ఇనిట్‌ను కూడా డిజేబుల్ చేయండి. /ఈటీసీ/క్లౌడ్/ కింద క్లౌడ్-ఇనిట్.డిజేబుల్డ్ అనే ఖాళీ ఫైల్ పెడితే సరిపోతుంది.